కరీంనగర్ బిడ్డ... బొంబాయి హీరో... పైడి జైరాజ్!

"షోలే" సినిమా పేరెత్తగానే మనకి గుర్తొచ్చేది ఎవరు? అమితాబ్, ధర్మేంద్ర, గబ్బర్ సింగ్, టాంగా తోలే బసంతి... అంతే కదూ! అందులో ఒక పోలీసు కమిషనర్ ఉంటాడు, గుర్తుందా? ఒత్తైన తల, ఠీవిగా నిలబడే తీరు, గంభీరమైన గొంతు. కనిపించేది కాసేపే. మనం పట్టించుకోం. ఆ కాసేపట్లోనే లేచి పొయ్యి మీద పాలు చూసి వస్తాం!

నేనూ అలాగే లేవబోయాను ఒకసారి. ఏడో తరగతి చదువుతున్న రోజులు. గోదావరిఖనిలో షోలే మళ్లీ ఆడుతుంటే బాపు మమ్మల్నందరినీ తీసుకెళ్లాడు. అటూ ఇటూ కదులుతున్న నన్ను పట్టి కూచోబెట్టి, "ఏందే, ఎటు పోతవ్? ఆయనను సూడు. ఆయన మనోడే. మన కరీంనగరోడు. ఒకప్పుడు ఆయనే హీరో" అన్నాడు. నాకు నమ్మకం కుదరలేదు. మన కరీంనగర్ మనిషి హిందీ సినిమాలోనా? అదీ హీరోనా? మరి హీరో అయితే ఇంత చిన్న వేషం ఎందుకు వేస్తాడు? ఆ చివరి ప్రశ్న చాలా ఏళ్లు నా మనసులో అలాగే ఉండిపోయింది.

ఆయన పేరు పైడి జైరాజ్. ఇవాళ మన పిల్లలకి ముంబయి నటుల పేర్లు వరసగా చెప్పమంటే యాభై చెబుతారు గానీ ఈ పేరు చెప్పరు. అందుకే, ఆయన కథ నాకు తెలిసినంత వరకు మీతో చెప్పుకుందామని ఇది రాస్తున్నాను.

లెక్కల గుమస్తా ఇంటి చిన్నకొడుకు

జైరాజ్ గారు 1909 సెప్టెంబర్ 28న కరీంనగర్ లో పుట్టారు. అప్పుడు మనది నిజాం రాజ్యం. ఇంట్లో మాట్లాడేది తెలుగు. తండ్రి సర్కారు పనుల శాఖలో లెక్కలు చూసే ఉద్యోగి. ముగ్గురన్నదమ్ముల్లో ఈయన చిన్నవాడు. హైదరాబాదులో పెరిగి, నిజాం కాలేజీలో చదువుకున్నారు. చదువుకునే రోజుల్లోనే నాటకాలన్నా సినిమాలన్నా పిచ్చి పట్టుకుంది.

ఇప్పుడంటే సినిమాల్లోకి వెళతానంటే ఇంట్లో వాళ్లు ఫొటోలు తీయించి మరీ పంపిస్తున్నారు. ఆ రోజుల్లో సినిమా అంటే మంచి కుటుంబాల వాళ్లు ముఖం చిట్లించుకునేవారు. ఆడవేషాలకి ఆడవాళ్లు దొరకడమే కష్టం. అలాంటి కాలంలో 1929లో, ఇరవై ఏళ్ల కుర్రాడు చదువు పక్కన పెట్టి బొంబాయి వెళ్లిపోయాడు. కన్నతల్లి ఎంత బెంగ పెట్టుకుందో మనకి ఎవరూ చెప్పక్కర్లేదు. కొడుకుని హాస్టల్లో దింపి వచ్చిన రోజు మనకి ముద్ద దిగుతుందా?

మాటలు లేని సినిమా

అప్పటికింకా సినిమాలకి మాట రాలేదు. దాదాసాహెబ్ ఫాల్కే తీసిన మొదటి భారతీయ చిత్రం "రాజా హరిశ్చంద్ర" వచ్చింది 1913లో. అప్పట్నుంచి పద్దెనిమిదేళ్ల పాటు మనవన్నీ మూకీ చిత్రాలే. తెర మీద బొమ్మలు కదులుతాయి, పెదవులు ఆడతాయి, మాట వినపడదు. కథ తెలియడానికి మధ్య మధ్యలో అక్షరాల పలక వస్తుంది. హాల్లోనే తెర ముందు కూర్చుని హార్మోనియం, తబలా వాయించేవాళ్లు ఉండేవారు.

ఇందులో ఒక మేలు ఉంది. మాట లేదు కాబట్టి నటుడిది ఏ భాష అని అడిగేవాళ్లు లేరు! తెలుగువాడైనా, మరాఠీవాడైనా, పార్సీ అయినా ఒకటే. కావలసింది ముఖం, ఒళ్లు, ధైర్యం. మన జైరాజ్ గారికి ఆ మూడూ ఉన్నాయి. 1929లో "జగ్ మగ్ తీ జవానీ" అనే మూకీతో తెర మీదికి వచ్చారు. గుర్రాలెక్కడం, కత్తి తిప్పడం తెలిసిన హీరోలకి గిరాకీ ఉన్న కాలం అది. చూస్తుండగానే పేరు నిలబెట్టుకున్నారు.

మాట వచ్చింది... చాలామంది మూగబోయారు

1931 మార్చి 14న బొంబాయిలో "ఆలం ఆరా" విడుదలైంది. మన దేశంలో మొదటి టాకీ అదే. అర్దేషిర్ ఇరానీ తీశారు. ఆ మరుసటేడు, 1932లో మన తెలుగులో హెచ్.ఎం.రెడ్డిగారి "భక్త ప్రహ్లాద" వచ్చింది. జనం విరగబడి చూశారు.

కానీ నటులకి మాత్రం అది గండం అయింది! మూకీల్లో మహారాణిలా వెలిగిన సులోచన గారి సంగతే చూడండి. ఆవిడ అసలు పేరు రూబీ మైయర్స్. అప్పట్లో ఆవిడని మించిన తార లేదు. టాకీలు రాగానే హిందుస్తానీ సరిగ్గా పలకలేక కొంతకాలం పక్కకి తప్పుకుని, భాష నేర్చుకుని మళ్లీ రావలసి వచ్చింది. ఆవిడ గట్టిది కాబట్టి తిరిగి నిలబడింది. కొందరు మళ్లీ రానేలేదు. అమెరికాలోనూ ఇదే కథ. 1927లో "ద జాజ్ సింగర్" వచ్చి మాటల సినిమాకి దారి తీశాక, హాలీవుడ్ లో ఎందరో పెద్ద పెద్ద తారలు నాలుగైదేళ్లలో మరుగున పడ్డారు.

మరి మన జైరాజ్ గారు ఎలా నిలబడ్డారు? ఇక్కడే మన హైదరాబాద్ గొప్పతనం. అక్కడ పెరిగిన వాళ్లకి ఇంట్లో తెలుగు, బయట ఉర్దూ! బజారుకి పోతే ఉర్దూ, కచేరీకి పోతే ఉర్దూ, బడిలో ఉర్దూ. బొంబాయి టాకీలకి కావలసింది ఆ భాషే. ఏ భాషైతే మిగతావాళ్లకి అడ్డుగోడ అయిందో, అది మన వాడికి గడప అయింది. 1932లో "షికారీ" ఆయన మొదటి టాకీ. అక్కణ్ణుంచి వెనక్కి తిరిగి చూసుకోలేదు.

దేవికారాణి పక్కన హీరో, దిలీప్ కుమార్ కి డైరెక్టరు

ఆ రోజుల్లో బాంబే టాకీస్ అంటే దేశంలోనే పేరున్న సంస్థ. వాళ్లు 1938లో తీసిన "భాభీ"లో జైరాజ్ గారే హీరో. 1943లో అదే సంస్థ తీసిన "హమారీ బాత్"లో దేవికారాణి గారి పక్కన నటించారు. దేవికారాణి గారి ఆఖరి సినిమా అదే.

ఇంకొక సంగతి వింటే మీరు ఆశ్చర్యపోతారు. 1944లో దిలీప్ కుమార్ కొత్తగా వచ్చాడు. మొదటి సినిమా అంతగా ఆడలేదు. ఆయన రెండో సినిమా "ప్రతిమ" (1945). దాని డైరెక్టరు ఎవరనుకున్నారు? మన జైరాజ్ గారే! హిందీ సినిమాకే పెద్ద దిక్కు అనిపించుకున్న దిలీప్ కుమార్ కి, తొలి అడుగుల్లో "ఇలా నిలబడు, అలా చూడు" అని చెప్పిన వాళ్లలో మన కరీంనగర్ మనిషి ఉన్నారన్న మాట. ఆ తర్వాత 1951లో "సాగర్" అనే సినిమాని ఆయనే నిర్మించి డైరెక్టు చేశారు. అందులో నర్గీస్ కథానాయిక. సురయ్య, మధుబాల లాంటి వారి పక్కన కూడా నటించారు. పంజాబీ కుటుంబం నుంచి వచ్చిన సావిత్రి గారిని పెళ్లి చేసుకుని బొంబాయిలోనే స్థిరపడ్డారు.

యాభయ్యో పడిలో పడేసరికి మామూలుగా హీరోలు వెనకబడతారు. ఈయనకి అప్పుడు చరిత్ర కథలు కలిసొచ్చాయి. "అమర్ సింగ్ రాథోడ్" (1957), "టిప్పు సుల్తాన్" (1959), "పృథ్వీరాజ్ చౌహాన్" (1959), "వీర్ దుర్గాదాస్" (1960)... ఇలా దేశంలోని వీరులందరినీ ఆయన తెర మీద చూపించారు. 1963లో చంద్రశేఖర్ ఆజాద్ గా కూడా వేశారు. మనకి జానపద వీరుడంటే కాంతారావు గారు ఎలాగో, ఆ రోజుల్లో హిందీ వాళ్లకి చారిత్రక వీరుడంటే జైరాజ్ అలాగన్న మాట.

విదేశాల వాళ్లు ఇక్కడికొచ్చి సినిమాలు తీసినప్పుడూ ఆయన్ని పిలిచారు. గాంధీజీ హత్య మీద మార్క్ రాబ్సన్ తీసిన "నైన్ అవర్స్ టు రామా" (1963)లో ఆయన జి.డి.బిర్లా వేషం వేశారు. ఎం.జి.ఎం. వాళ్ల "మాయా" (1966)లోనూ ఉన్నారు. అలా హాలీవుడ్ సినిమాల్లో కూడా మన జిల్లా మనిషి ముఖం కనిపించింది.

సింహాసనం దిగాక

ఇంతవరకు అందరూ మెచ్చుకునే కథే. నాకు నిజంగా నచ్చిన కథ ఇక్కడ మొదలవుతుంది.

1960ల తర్వాత కొత్త హీరోలు వచ్చేశారు. కత్తులూ గుర్రాలూ పోయి ప్రేమకథలు, పాటలు వచ్చాయి. జైరాజ్ గారికి వయసు అరవై దాటింది. ఒకప్పుడు రాజుగా సింహాసనం మీద కూర్చున్న మనిషికి ఇప్పుడు వచ్చేవి హీరోయిన్ తండ్రి, జడ్జి, డాక్టరు, పోలీసు అధికారి వేషాలు. ఒక సీను, రెండు సీన్లు. పోస్టరు మీద బొమ్మ ఉండదు. టైటిల్స్ లో పేరు పదిమందితో కలిపి వస్తుంది.

కొందరు ఈ మార్పు భరించలేరు. ఇంట్లో తలుపులేసుకుని పాత ఫొటోలు చూసుకుంటూ కూచుంటారు. జైరాజ్ గారు అలా కూచోలేదు. "షోలే" (1975), "డాన్" (1978), "ముకద్దర్ కా సికందర్" (1978)... పిలిచిన చోటికల్లా వెళ్లారు, ఇచ్చిన వేషం వేశారు. 1929లో మొదలుపెట్టిన మనిషి 1990లలోనూ కెమెరా ముందు నిలబడ్డారంటే ఎంత కాలమో లెక్క వేసుకోండి. మూకీ చూశారు, టాకీ చూశారు, రంగుల సినిమా చూశారు, డెబ్భై ఎం.ఎం. చూశారు. ఒక మనిషి జీవితంలో మన సినిమా చరిత్రంతా ఇమిడిపోయింది.

చిన్న వేషం చిన్నదా?

కథలో హీరో హీరోయిన్లు కాకుండా మిగతా ముఖ్యమైన వేషాలు వేసేవాళ్లని క్యారెక్టర్ నటులంటారు. పప్పుకి పోపు ఎలాగో సినిమాకి వీళ్లు అలాగ. పప్పు ఎంత బాగా ఉడికినా పోపు మాడిందో, తినేవాడు కంచం ముందు ముఖం పెట్టడు.

కానీ గుర్తింపు ఆలస్యంగానే వచ్చింది. హాలీవుడ్ లో ఆస్కార్లు 1929లో ఇవ్వడం మొదలుపెడితే, సహాయ నటులకి మాత్రం 1936 సినిమాల నుంచి ఇచ్చారు. అదైనా మొదటి కొన్నేళ్లు అందరికీ ఇచ్చే బంగారు బొమ్మ కాదు, ఒక పలక ఇచ్చి పంపేవారు! "గాన్ విత్ ద విండ్" (1939)లో పనిమనిషి వేషం వేసిన హాటీ మెక్ డానియల్ అనే నల్లజాతి నటి 1940లో ఆ బహుమతి తీసుకుంది. ఆస్కార్ అందుకున్న మొదటి నల్లజాతి మనిషి ఆమే. అయినా ఆ రాత్రి తోటి నటుల పక్కన కాకుండా, దూరంగా వేరే బల్ల దగ్గర కూచోబెట్టారు. బహుమతి ఇచ్చే చేత్తోనే అవమానమూ వడ్డించారు. చదివితే కడుపు తరుక్కుపోతుంది.

మన తెలుగులో చూసుకుంటే సూర్యకాంతం గారు లేరూ! హీరోయిన్ కాలేదు. గయ్యాళి అత్తగానే జీవితమంతా వేశారు. అయితేనేం? 1962లో ఎన్టీఆర్, ఏఎన్నార్, సావిత్రి, జమున నలుగురూ ఉన్న సినిమాకి పేరు ఎవరిది పెట్టారు? "గుండమ్మ కథ" అని ఆవిడ పాత్ర పేరే పెట్టారు. చిన్న వేషం, పెద్ద వేషం అనేది వేసేవాళ్ల చేతిలో కూడా కొంత ఉంటుందని ఆవిడే చూపించారు.

జైరాజ్ గారికి గౌరవం 1980లో వచ్చింది. ఆ సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు ఆయనకి ఇచ్చారు. మన దేశంలో సినిమా వాళ్లకి అంతకన్నా పెద్ద గౌరవం లేదు. ఈ అవార్డు మొదటిసారి, 1969లో, అందుకున్నది దేవికారాణి గారు. ఒకప్పుడు ఆవిడ పక్కన హీరోగా నిలబడిన మనిషి పదకొండేళ్ల తర్వాత అదే వరసలోకి వచ్చారు. తెలుగువారిలో అంతకు ముందు దాన్ని అందుకున్నది బి.ఎన్.రెడ్డిగారు (1974). అక్కినేని నాగేశ్వరరావు గారికి వచ్చింది 1990లో. అంటే మన తెలుగు నటుల్లో ఈ గౌరవం మొదట దక్కింది మన కరీంనగర్ మనిషికే!

2000 ఆగస్టు 11న ముంబయిలో కన్నుమూశారు. తొంభై ఏళ్లు నిండి, తొంభై ఒకటి రాబోతున్నాయి. హైదరాబాదులో రవీంద్రభారతి ప్రాంగణంలో ఉన్న ప్రివ్యూ థియేటర్ కి ఆయన పేరు పెట్టారు. ఈసారి అటు వెళితే పిల్లలకి ఆ పేరు చూపించండి.

బాపు లాంప్ రూమ్

ఇక నా చిన్నప్పటి ప్రశ్న సంగతి. హీరో అయితే చిన్న వేషం ఎందుకు వేస్తాడు?

దానికి జవాబు నాకు సినిమాలో దొరకలేదు. మా ఇంట్లో దొరికింది.

మా బాపు బాయిలో కోల్ ఫిల్లరు. ఎయిటింక్లైన్ కాలనీలో మేముండే వరసలో బాపు అంటే ఒక లెక్క. షిఫ్టులో ఎన్ని టబ్బులు నింపాడో అందరూ చెప్పుకునేవారు. మస్టరు పడితే చాలు, పండగైనా బాయి దిగాల్సిందే. అలాంటి మనిషికి మోకాళ్లు పోయాయి. బాయి దిగడానికి పనికిరాడని డాక్టర్లు రాశారు. సర్ఫేస్ మీద లాంప్ రూమ్ లో పని ఇచ్చారు. టోపీ దీపాలు చార్జింగ్ పెట్టడం, షిఫ్టుకి వచ్చేవాళ్లకి లెక్క చూసి ఇవ్వడం, తిరిగొచ్చాక తీసుకోవడం.

మాకు చిన్నపిల్లలకి సంతోషమే. బాపు ఇక బాయిలోకి దిగడు, మసితో రాడు. సైరన్ మోగితే అమ్మ గుండెలు పట్టుకుని వాకిట్లో నిలబడక్కర్లేదు. కానీ బాపు మాత్రం వారం పది రోజులు సరిగ్గా అన్నం తినలేదు. ఎవరొచ్చినా లోపలికెళ్లి పడుకునేవాడు. "గింత చేసి ఆఖరికి బుడ్లు తుడువబడితి" అన్నాడు ఒకనాడు, గోడ వంక చూస్తూ.

అమ్మ అప్పుడు జొన్నరొట్టె కాలుస్తోంది. తల ఎత్తకుండానే అంది: "బాయిల దీపం లేకుంటె ఎవ్వడన్న ఒక్క అడుగు ఏస్తడా? నూరుమంది పానాలకు దారి సూపెట్టే దీపం నీ చేతుల పెట్టిండ్రు. తుడుసుడు రాకుంటె జెప్పు, నేనొచ్చి తుడుస్త."

బాపు నవ్వాడో లేదో గుర్తు లేదు గానీ, ఆ పూట రెండు రొట్టెలు తిన్నాడు. ఆ తర్వాత రిటైరయ్యేదాకా ఆ లాంప్ రూమ్ లోనే చేశాడు. ఒక్క దీపం వెలగకుండా లోపలికి పోనిచ్చేవాడు కాదని, సరిచూసి మరీ ఇచ్చేవాడని ఇప్పటికీ పాత వాళ్లు కనిపిస్తే చెబుతారు. ఎన్ని టబ్బులు నింపాడో ఇప్పుడు ఎవరికీ గుర్తు లేదు. దీపాల సంగతి మాత్రం గుర్తుంది.

షోలే చూసొచ్చిన మూడు నాలుగేళ్లకి జరిగిన ముచ్చట ఇది. మళ్లీ ఎప్పుడు ఆ సినిమా చూసినా కమిషనర్ గారు వచ్చినప్పుడు నేను లేవను.

మన ఇళ్లల్లో కూడా...

అక్కచెల్లెళ్లూ, ఈ మార్పు సినిమా వాళ్లకీ, బాయి పని వాళ్లకీ మాత్రమేనా? మనకి రాదా? ఇరవై ఏళ్ల పాటు ఇంట్లో మనమే హీరోయిన్లం. ఏ డబ్బాలో ఏముందో, ఎవరికి ఏ కూర ఇష్టమో, పాలవాడికి ఎంత బాకీయో అన్నీ మన నోటి మీదే. పిల్లలు చదువులకి పోతారు. కోడలు వస్తుంది. ఒకరోజు మనం వంటింట్లోకి వెళ్లేసరికి ఉప్పు డబ్బా ఉన్నచోట ఉండదు! ఆ క్షణాన గుండెలో కలుక్కుమంటుంది చూడండి... అదే జైరాజ్ గారికి మొదటిసారి తండ్రి వేషం వచ్చిన రోజు.

అప్పుడు మనం చేయగలిగినవి రెండే. తలుపేసుకుని పాత రోజులు తవ్వుకోవచ్చు. లేదా ఇచ్చిన వేషం ఠీవిగా వేయచ్చు. కోడలు పిల్ల పెట్టిన పప్పులో మనం పోపు వేయచ్చు, అడిగితేనే సుమా! అడగకపోతే మాత్రం ఉప్పు డబ్బా ఎక్కడుందో ఆ అమ్మాయినే అడిగి తెలుసుకోవడం మేలు.

మా అబ్బాయికి సంబంధాలు చూస్తున్నాం. ఇదంతా మీకు చెబుతున్నట్టు రాశాను గానీ, సగం నాకు నేనే చెప్పుకుంటున్నాను!